వేలి మీద చుక్క

దిగిన విమానాన్ని మైదానం చివరికి తీసుకెళ్లి నిలిపారు. ప్రయాణికులు బస్సెక్కి వెళ్లిపోయారు. ఎడమ చక్రం దగ్గర హైడ్రాలిక్ నూనె కారిన చోట ముసలి మెకానిక్, కాస్త దూరంలో ఫైరింజన్ నడిపే ఆవిడ మిగిలారు.

"అక్కడే ఆగమ్మా. చక్రానికి పక్కనుంచి రాకు, బ్రేకులింకా నిప్పుల్లా ఉన్నాయి."

"తెలుసండీ, ముందునుంచే వస్తున్నా. కారడం ఆగిందా?"

"ఆగింది. పంపు కట్టేశాను, ప్రెషర్ దిగిపోయింది. చక్రాలకి అడ్డుచెక్కలు పెట్టాను. ఇక కదలదు."

"నేలమీద నూనె?"

"పొడి చల్లాను. అయినా తొక్కకు, జారతావ్. కంట్లో పడిందంటే చుక్కలు కనిపిస్తాయి."

"లీకెక్కడో దొరికిందా?"

"దొరికింది. అదిగో, ఆ గొట్టానికి సూదిమొనంత చిల్లు."

"చేత్తో తడమకుండా, అట్టముక్క అడ్డం పెట్టే చూశారా?"

"చూశాను... చూశాన్లే."

"మరి ఈ అట్ట మీద ఒక్క మరకా లేదే?"

"అబ్బ, అది వేరే అట్ట."

"ఆ కుడిచెయ్యి జేబులోంచి తీయండి."

"చలేస్తోంది."

"ఇంత ఎండలోనా? తీయండి."

"పంపు ఆపకముందే వేలు పెట్టి తడిమాను. ముప్పయ్యేళ్లుగా అందరికీ వద్దని చెప్పినవాణ్ణి. బుద్ధి గడ్డి తిని..."

"గ్లవ్‌కి కూడా చిల్లు పడింది, తీసెయ్యండి! వేలి మీద ఈ చుక్క?"

"చీమ కుట్టినట్టుంది, అంతే. నొప్పే లేదు."

"నొప్పి లేదని మోసపోవద్దని మాకు పాఠం చెప్పింది మీరే. ఆ ప్రెషర్‌కి నూనె సూదిమందులా చర్మం లోపలికి పోయింది. వెంటనే కోసి కడగకపోతే వేలు దక్కదు. ఎంతసేపైంది?"

"అరగంట... ముప్పావుగంట."

"ముప్పావుగంటా! ఆంబులెన్సు ఎదురుగానే ఉంది కదండీ. నోట్లో నాలుక లేదా?"

"కేకలెయ్యకు తల్లీ."

"ఎందుకు చెప్పలేదు?"

"చెప్పేవాణ్ణే. పని అయ్యాక."

"ఎందుకు చెప్పలేదండీ?"

"కోత అంటే కాగితం ఇస్తారు. మీవాళ్లెవరైనా సంతకం పెట్టాలంటారు. పోయినేడు కంటి ఆపరేషన్‌కి అలాగే అడిగారు. నాకెవరున్నారు? కాగితం బల్ల మీద పెట్టేసి వచ్చేశాను."

"అంటే ఆ కన్ను..."

"మసకే. అట్ట మీద తడి పడినా నాకు కనపడదమ్మా. అందుకే వేలు పెట్టాను."

"అయ్యో. నాకొక్క మాట చెప్పొచ్చు కదా!"

"నీకు ఇల్లూ వాకిలీ, అయినవాళ్లూ ఉంటారు. నాకోసం ఆస్పత్రి బెంచీ మీద పడి ఉండమంటానా?"

"ముందు ఆంబులెన్సెక్కండి. సంతకం నేను పెడతాను."

"ఏమవుతానని రాస్తావ్?"

"చెల్లెలినని."

"ఆస్పత్రి కాగితం మీద అబద్ధమా?"

"నా ఆపరేషనప్పుడు పక్క మంచం మీది రోగి చేత అక్కనని రాయించి సంతకం పెట్టించాను, అన్నయ్యా."