పత్తిలో గుంత

మధ్యాహ్నపు ఎండ కిటికీలోంచి దిగి, గదిలో నడుమెత్తున పోసిన పత్తి మీద పరుచుకుంది. గడప దగ్గర అత్తాకోడళ్లు కూర్చున్నారు. పత్తి తీసుకెళ్లడానికి చిలకలూరిపేట మిల్లు లారీ ఆ సాయంత్రమే వస్తుంది.

"అత్తయ్యా, ఈ ఒక్క గది పత్తి ఉంచేద్దాం. మిగతాది తోలించండి."

"ఉంచి ఏం చేస్తావే? రేటు పెరుగుద్దనా?"

"రేటు కోసం కాదు. ఆ కిటికీ పక్కన చూడండి. గుంత అట్టాగే ఉంది."

"ఏ గుంత?"

"మీ అబ్బాయి పడుకునే చోటు. అన్నం తినగానే టేప్‌రికార్డరు పొట్ట మీద పెట్టుకుని అక్కడే వాలేవారుగా. లేచొస్తే జుట్టు నిండా దూదే. మనిషి పోయినా గుంత పూడలేదు. రోజూ పొద్దున్నే వచ్చి చూసుకుంటున్నా. తల పెట్టిన చోటు కూడా తెలుస్తా ఉంది."

"ముట్టుకున్నావా?"

"లేదు. చెదిరిపోద్దని భయం."

"అమ్మాయ్..."

"మీరు నవ్వుతారనే చెప్పలేదు."

"నవ్వటం కాదే. పత్తి ఎవర్నీ అంతకాలం గుర్తుపెట్టుకోదు. వాడి పెద్దకర్మ కాకముందే అది పొంగి పూడిపోయింది."

"మరి అది?"

"మధ్యాహ్నం నువ్వు కునుకు తీసేటప్పుడు నేనొచ్చి పడుకుంటున్నా. వాడు తల ఎటు పెట్టేవాడో అటే పెట్టుకుని. కింద పత్తి మెల్లగా కదులుతా ఉంటే, నా కొడుకు ఊపిరి పీల్చుకుంటున్నట్టే ఉంటది."

కోడలు కిటికీ పక్కనున్న గుంత వైపు చూసింది.

"లారీ రావటానికి ఇంకా టైముంది గదా అత్తయ్యా?"

"చల్లబడ్డాకే వస్తది."

"అయితే లేవండి. కాస్త జరిగి పడుకుని, నాక్కూడా చోటివ్వండి."