బెల్మీరో లేని బెల్మీరో బొమ్మ

హలో… నేనేనే, జుల్మీరాని. సొంత అక్క గొంతు కూడా గుర్తుపట్టవా దెవొలిందా?

…లేదు, ఏడవడం లేదు. నవ్వుతున్నా. పొద్దుట్నుంచీ ఇదే పని. మంచినీళ్ళు తాగబోయినా నవ్వొచ్చి పొలమారుతోంది.

…తాగలేదే తల్లీ. ఒక్క గ్లాసు. సరే, రెండు. చెప్పేది వింటావా లేదా?

…ఆ, పాత చేపల సంతలో పెట్టిన బొమ్మల ప్రదర్శన గురించే. కాఫీ కొట్టు బెల్మీరో బొమ్మ పెట్టానని చెప్పాగా…

…అవును, భార్య పోయినాయనే. ఆ సాగదీత మానెయ్. నేను బొమ్మ సంగతి చెబుతున్నా.

…ఎలా గీశానంటే— అసలాయన్ని గీయలేదు. కూర్చోబెడితే నిలకడగా ఉంటేగా? పాలు పొంగుతున్నాయంటాడు, సార్డీన్ చేపలు మాడుతున్నాయంటాడు, లేచి పరుగు. చలికాలమంతా ఇదే తంతు. చివరికి ఒళ్ళు మండి, నువ్వు లేకపోతే పీడా పోయిందనుకుని చుట్టూ ఉన్నదంతా గీశా. కుర్చీ, నీలం గోడ, మోచేతి కింద నలిగిన బల్లగుడ్డ, ఒళ్ళో పిల్లి. ఆయన్ని మాత్రం వదిలేశా. అక్కడ తెల్ల కాన్వాసు అలాగే ఉంది.

…ముఖం లేదు. ముక్కు లేదు. అయినా చూస్తే బెల్మీరోనే. గోడ రంగు ఎక్కడ ఆగిందో అక్కడ ఆయన ఎడమ భుజం జారుడు మొదలు. పేరు కూడా పెట్టా. మనిషిని విడిచి గీసిందిగా, విడుపు బొమ్మ.

…నవ్వు, నవ్వు. బహుమతులు నిర్ణయించడానికి లిస్బన్ నుంచి వచ్చినాయనా నీలాగే నవ్వాడు. 'సగం గీసిన బొమ్మ ఎందుకు పెట్టారు, దించెయ్యండి' అన్నాడు. ఈ వయసులో, ఊరంతా చూస్తుండగా… ఎవరో స్టూలెక్కి బొమ్మ మీద చెయ్యి కూడా వేశారు.

…ఆగవే, వస్తున్నా. సరిగ్గా అప్పుడు దిగింది బెల్మీరో వాళ్ళమ్మ, ఫెలిజ్బెలా. చూపు ఆనదుగా, కర్ర టకటకలాడించుకుంటూ నేరుగా బొమ్మ ముందుకొచ్చి— 'గూని పెట్టి కూర్చోకురా వెధవా, నడుం నిటారుగా పెట్టు' అని తిట్టింది. ఖాళీని, దెవొలిందా. ఉత్త ఖాళీని.

…ఒట్టు. అక్కడితో ఆగిందా? 'నేనిచ్చిన చొక్కా ఏదిరా' అని నిలదీసింది.

…గొల్లుమన్నారు అందరూ. లిస్బనాయన కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. 'మావాడికి అడ్డంగా నిలబడకు' అని ఆయన్నీ కర్రతో పక్కకి నెట్టింది. ఇక ఎవడు దించుతాడు?

…బహుమతా? రాలేదు. ఎవరో పడవలు గీస్తే దానికిచ్చారు. పోనీలే.

…మరెందుకీ నవ్వంటే… ఉండు, ఊపిరి పీల్చుకోనీ.

…జనం పల్చబడ్డాక బెల్మీరో వచ్చాడు. టోపీ చేతుల్లో నలిపేస్తూ. 'జుల్మీరాగారూ, ఏ రోజూ పాలు పొంగలేదు, చేపలు మాడలేదు. మీరలా చూస్తుంటే కూర్చోలేకపోయేవాణ్ణి' అన్నాడు.

…అరవకే, చెవి పోయింది.

…ఏమంటాను? నేను, ఈ వాగుడుకాయని, గోళ్ళల్లో రంగు చూసుకుంటూ నిలబడిపోయా. మళ్ళీ ఆయనే, 'ఈసారి ఇద్దర్నీ కలిపి గీస్తారా' అని…

…ఇద్దరంటే నేనూ ఆయనానే, మొద్దూ.

…గీస్తానన్నా. అప్పుడు మెల్లిగా అడిగాడు, 'పక్కపక్కన కూర్చుంటే మధ్యలో ఏం వేస్తారు' అని.

…ఏం చెప్పానా? 'రంగు వేస్తే గోడవుతుందండీ, ఖాళీ వదిలితే మూడో మనిషవుతాడు. రెండూ కుదరవు. మీరే కాస్త ఇటు జరగాలి' అన్నా.

…నేనే అన్నానే. ఈ నోటితోనే.

…ఆయనేమన్నాడా… జరిగాడు.

…ఇప్పుడెక్కడున్నాడా? ష్… మెల్లిగా. ఇక్కడే, పక్కనే. అంతా వింటున్నాడు, చెవులు ఎర్రగా కందిపోయాయి. ఉంటానే, పెట్టేస్తు—