బాణీ ఎక్కడిది

సోవియట్ కజఖ్‌స్తాన్‌లోని అల్మా-అతా సినిమా స్టూడియో, 1968 చలికాలం. అవతలి హాల్లో వాద్యబృందం శ్రుతి చేసుకుంటోంది. ఇవతల పియానో గదిలో సంగీత దర్శకురాలు రోజా ఖెగై, స్టూడియో తరఫున కాగితాలు చూసే కజఖ్ ఎడిటర్ దౌలెత్.

"ఇదేంటండీ, ఇలా రాశారు?"

"ఏది నాయనా?"

"తెలీనట్టు అడక్కండి రోజా గారూ. బాణీ ఎక్కడిది అన్నచోట 'కొరియన్ జోలపాట' అని రాశారు."

"కొరియన్ జోలపాటే కాబట్టి."

"పద్దెనిమిది సినిమాలు చేశారు. అన్నిట్లోనూ 'కజఖ్ జానపదం' అనే రాశారుగా?"

"రాశాను. సిగ్గులేకుండా బహుమతులు కూడా పుచ్చుకున్నాను. ఇంక రాయను."

"ఒక్క మాటండీ! ఎవరు చూస్తారు?"

"ఎవరూ చూడకపోతే నీకెందుకయ్యా ఇంత కంగారు?"

"పైవాళ్ళు చూస్తారండీ! మీ కొరియన్లు ఇక్కడికెలా వచ్చారని ఎవరైనా అడిగితే?"

"ముప్పైఏడులో మన సర్కారే తూర్పు సరిహద్దు నుంచి పశువుల రైలెక్కించి తోలుకొచ్చిందని చెప్పు. దారిపొడవునా పసిపిల్లలు పోయారని చెప్పు. ఆ రైల్లో తల్లులంతా పాడిన జోల ఇది."

"ష్! తలుపు తీసుంది."

"ఉండనీ. వాళ్ళూ వింటారు."

"అసలు ఇప్పుడెందుకండీ ఈ పట్టుదల?"

"పోయిన నెల మా అమ్మ పోయింది. ఆసుపత్రిలో ఉండగా రేడియోలో నా పాత సినిమా పాట వచ్చింది, తన దగ్గర నేర్చుకున్నదే. కజఖ్ జానపదం అన్నాడు చదివేవాడు. అప్పుడు అమ్మ నా మొహంలోకి చూసింది చూడూ..."

"అయ్యో... అయినా, పన్నెండింటిలోగా ఇది పైకి పోకపోతే సినిమా ఇంకొకరికి ఇచ్చేస్తారు. తర్వాత మీకు పనిచ్చేవాడే ఉండడు."

"ఇవ్వొద్దు. పిల్లలకు పియానో చెప్పుకుంటాను."

"మొండి మనిషండీ మీరు!"

"నువ్వసలు ఆ బాణీ విన్నావా, కాగితమే చూశావా? జరుగు, వాయిస్తాను. విను... ఏం, అలా అయిపోయావేంటి?"

"మూడో వరస అలా పైకి పోదండీ. కిందికి దిగుతుంది."

"సినిమా కోసం నేనే మార్చాను. అయినా నీకెలా తెలుసు?"

"చిన్నప్పుడు విన్నానండీ."

"ఎక్కడ, దౌలెత్?"

"అదే ముప్పైఏడులో, నేను పుట్టిన చలికాలం, మా అమ్మకు పాలు పడలేదు. రైలు దిగినవాళ్ళలో ఒకావిడ... దార్లో బిడ్డను పోగొట్టుకున్నావిడ... మా ఇంట్లో తలదాచుకుంది. రెండేళ్ళు ఆవిడే పాలిచ్చి పెంచింది. తర్వాత కూడా రోజూ రాత్రి ఇదే పాడి నిద్రపుచ్చేది."

"పేరు?"

"తెలీదండీ. మా అమ్మ అక్కా అని పిలిచేది. ఆ కలం ఇలా ఇవ్వండి."

"కొట్టేస్తావా?"

"లేదండీ. కింద ఒక ముక్క రాస్తాను: 'నిజమే, ఇది కొరియన్ జోలే. చిన్నప్పుడు నేను దీనికే నిద్రపోయేవాణ్ణి. ఎడిటర్ దౌలెత్.'"