కనుమ కనిపెట్టినవాడు

రష్యా తూర్పు కొసన ఓఖోత్స్క్ దగ్గరి కొండల్లో సినిమా తీస్తున్నారు. జారు చక్రవర్తుల కాలంలో ఆ కనుమను కనిపెట్టిన కెప్టెన్ కథ అది. సామాన్లు మోయడానికి తన ధ్రువపు దుప్పుల్ని తోలుకొచ్చిన, అక్కడి ఎవెన్ తెగ ముసలమ్మ, ఆ పూట తీసిన సీను చూసి, నేరుగా లెనిన్‌గ్రాద్ నుంచి వచ్చిన డైరెక్టరు ముందుకెళ్ళి నిలబడింది.

"ఆ కెప్టెన్ కాళ్ళమీద పడ్డవాడెవరు నాయనా?"

"దారి తప్పిన వేటగాడు, మామ్మగారూ. కెప్టెనే అతనికి దారి చూపిస్తాడు."

"ఆయన మా తాత జఖార్! ఇక్కడే పుట్టి పెరిగినవాడు దారి తప్పాడా?"

"కెప్టెన్ తన పుస్తకంలో ఆ పేరు రాయలేదండీ."

"తన కళ్ళ సంగతైనా రాశాడా? మంచు వెలుగుకి చూపు పోతే, కళ్ళకి గుడ్డ కట్టి, దుప్పి మీద కూర్చోబెట్టి తొమ్మిది రోజులు నడిపించుకొచ్చాడు మా తాత."

"రాశాడు. తొమ్మిది రోజులు కళ్ళు మండాయని ఉంది."

"మరి ఆ తొమ్మిదిలో ఈ కనుమ దాటింది ఎన్నో రోజట?"

"ఏడో రోజు."

"అంటే గుడ్డ కట్టుకునే కనిపెట్టాడన్నమాట!"

"నేనేం చేయను మామ్మా? పైవాళ్ళు ఈ కథే ఒప్పుకున్నారు. వాళ్ళకి ఒక్క వీరుడే కావాలి."

"వీరుణ్ణి ఉంచుకో. మా తాతని మాత్రం వాడి కాళ్ళ దగ్గర్నుంచి లేపు."

"ఇప్పుడు కుదరదండీ."

ముసలమ్మ కెమెరా పెట్టెలన్నీ మంచులోకి దించేసి, దుప్పుల్ని తోలుకుంటూ కదిలింది.

"అయ్యో, మేం కొండ దిగేదెలా? మాకు దారి తెలీదు!"

"మీ కెప్టెన్ ఉన్నాడుగా, చూపించమను."

"ఆగండి మామ్మా! ఆ సీను మళ్ళీ తీస్తాను. మీ తాతగారే ముందు నడుస్తారు!"

ఆమె ఆగింది కానీ వెనక్కి తిరగలేదు.

"ముందు తియ్యి. చూశాకే పెట్టెలు ఎక్కిస్తాను."