దారానికి సప్పుడేంది

ధర్మవరం, 2003. సావిత్రమ్మ ఇంటి వాకిట్లో, ఆమె మీద సినిమా తీసిన జయప్రకాష్. లోపల ఆమె భర్త కుళ్ళాయప్ప మగ్గం నేస్తున్నాడు.

"ఆడనే నిలబడు. గడప తొక్కొద్దు."

"ఏమైందక్కా? సినిమా క్యాసెట్టు ఇచ్చిపోదామని హిందూపురం నుంచి వస్తి..."

"నీ క్యాసెట్టు నాకెందుకప్పా! నిన్న మా ఆడబిడ్డ ఈరక్క ముదిగుబ్బ బస్సు దిగి, వీధి మొదట్నుంచీ గుండెలు బాదుకుంటా వచ్చె. 'నా తమ్ముడు పోతే నాకొక మాట చెప్పకపోతిరే' అని. లోపలికొచ్చి చూస్తే తమ్ముడు మగ్గం మీద కూసోనుండాడు!"

"ఆమె సినిమా యాడ చూసింది?"

"అనంతపురం కాలేజీలో ఏస్తివంట కదా. కొడుకు పిల్చుకోని పోయినాడు. అందరూ చూసినారు, నేను తప్ప."

"అక్కా, అది మాటల్లేని సినిమా. మగ్గం, చేతులు, ఒక ఫోటో. అంతే. ఎవరో పోయినారని నేను యాడా..."

"చెప్పాల్నా? నా బోసిచేతులు చూపిచ్చి, ఎనకనే ఆయన ఫోటోకు దండేసి చూపిస్తే, ఇంగ చెప్పేదేముండాది?"

"ప్రయోగం అక్కా అది. ఈ ఊర్లో ఎంతమంది నేతగాళ్ళు ప్రాణం తీసుకున్యారో నీకు తెలీదా? వాళ్ళ కోసమనే..."

"అయితే వాళ్ళిండ్లకు పో! నా మొగుడు బతికుండాడే! అక్కా అక్కా అని నా చేతి సంగటి తింటివి కదప్పా. గాజుల సప్పుడు రికార్డింగులో పడతాంది, తియ్యక్కా అంటివి. పెండ్లయినప్పట్నుంచి బోసిగా లేని చేతులు. నీ మాట నమ్మి తీస్తి. గాజులకు బదులు చేతికి పసుపుదారమన్నా కట్టుకుంటానంటే అదీ వద్దంటివి. దారానికి సప్పుడేందప్పా అని ఆ పొద్దే అడగాల్సింది. అడగలేదే! నమ్మితినే!"

"తప్పే అక్కా. తప్పే."

"పెండ్లప్పుడు ఆయనొక్కడే తీపిచ్చుకున్న ఫోటో అది, నా ట్రంకుపెట్టెలోది. దొంగతనం చేస్తివా?"

"లేదక్కా, ఒట్టు."

"మరి నీ చేతికెట్లొచ్చె?"

"నువ్వు పెనుకొండకు పెండ్లికి పోయిన దినం... వద్దులే అక్కా. నాదే తప్పనుకో."

"అనుకునేదేంది? ఎవరిచ్చినారు? దండ ఎవరేసినారు?"

"నన్ను అడగొద్దక్కా. మాటిచ్చినా."

"ఎవరికి? నా ఇంట్లో నాకు తెలీకుండా ఎవరికిస్తివి మాట? ఏమయ్యో! ఆ మగ్గం నిలిపి ఇట్ల రా. వింటాండావా?"

"వింటాండా. వాణ్ణేం అనొద్దు సావిత్రీ. ఫోటో ఇచ్చింది నేనే. దండ ఏసింది నేనే. గాజులు తీపిచ్చమనిందీ నేనే."

"నువ్వా? కట్టుకున్నోడివి, నువ్వా? ఎందుకయ్యా? నేనేం పాపం చేస్తి నీకు?"

"ఆ నేతగాళ్ళ మాదిరే నేనూ పోదామనుకుంటి. అంతా సిద్ధం చేసి పెట్టుకుంటి. పోయినంక నువ్వెట్లుంటావో ఒకతూరి చూడాలనిపిచ్చె. వాడు టీవీలో ఏసి చూపిచ్చినాడు. నీ చేతులు చూసినంక పోబుద్ధి కాలేదు."