ఎర్ర పెన్సిల్ కొట్టిన రాత్రి

రా బిడ్డా, కూసో. ఆ కుర్చీల కాదు, దాని కాలు ఎన్నడో పోయింది, గీ మంచం మీద కూసో. ఏందది చేతుల? బుక్కా? ఏదీ, అద్దాలు పెట్టుకోనీ... ఓరి దేవుడా. అవ్, మీ తాతదే. సమ్మయ్యదే. గీ రాత చూస్తె తెలుస్తలేదా, కోడి కెలికినట్టు. ఏడ దొరికింది? సందుగలనా? అయితే మీ నాయినమ్మ దాచిపెట్టిందన్నమాట. బతికినన్నాళ్లు సోమమ్మ దీన్ని సవతి అనేది, తెలుసునా? సమ్మయ్య ఉన్నడా అని నేను పోతె, 'ఉన్నడన్నా, సవతిని పట్టుకొని దొడ్లె కూసున్నడు' అని మూతి తిప్పేది. మల్ల ఆమెనే చాయ్ చేసి పంపేది. ఏందీ? గీ పేజీ మీద ఎర్రగీత ఎందుకున్నదా? హుఁ. అది ఊకె చెప్తె సమజ్ కాదు, మొదటికెల్లి చెప్పాలె. నీకు కాలేజీకి పొద్దు పోతదేమో? పోదా? అయితే విను.

మీ తాత, నేను ఇల్లెందు దిక్కు బొగ్గుబాయి మీద పని. నేను మస్టర్ గుమాస్తను. ఎవడు దిగిండు, ఎవడు రాలే అని హాజరేసుడు. ఆయనది పక్కనే ల్యాంప్ రూం. బాయిల దిగేటోళ్లకు టోపీ దీపాలిచ్చుడు, ఎక్కినంక తీసుకొని చార్జింగు పెట్టుడు. మూడు వందల దీపాలు వరుసకు వెలుగుతుంటె గడప కాడికెల్లే చూసి, 'మంగన్నా, ఆ నూట పద్నాలుగు తెల్లారిదాక రాదే' అనేటోడు. నిజంగనే రాకపొయ్యేది. వానిది కన్ను కాదు, తక్కెడ. వాడు అంటున్న, ఏమనుకోకు బిడ్డా, అలవాటు.

ఎనభైల, ఫిబ్రవరిల, పెద్ద గ్రహణం పట్టింది. నాలుగు గొట్టక ముందే పట్టపగలు చీకటైంది. ఊరంత తలుపులు బిడాయించుకున్నది. నేను సుత మంచం కింద దూరిన, నవ్వకు. మీ తాత ఒక్కడు బయట. కారేపల్లి కాడ గుడారాలేసుకొని చదువుకున్నోళ్లు దిగిండ్రు, పోయి వాళ్ల పక్కన నిలబడ్డడు. ఆ చీకట్ల రెండు మూడు చుక్కలు కనపడ్డయట. పద్మావతమ్మ అని ఒక మేడం, దేని ఎలుగు ఎంతని రాసుకుంటుంటె మన సమ్మయ్య నోరూకుంటదా? 'అమ్మా, అది దీనికి సగం సుత రాదు' అన్నడట. ఆమె మిషన్ల చూసుకుంటె కరెక్టే. పోయేటప్పుడు ఒక చుక్కల పటం చేతుల పెట్టి, 'సమ్మయ్య గారూ, ఒక్క చుక్కను చూసి నాకు కార్డు రాస్తరా' అని అడిగిందట. 'గారు అన్నదే మంగన్నా' అని నెలరోజులు నా చెవులు కొరికిండు.

ఆ చుక్క సంగతి ఏందంటె, అది ఒకటి కాదట, రెండట. ఒకదాని చుట్టు ఒకటి తిరుగుతయట. మసకది అడ్డమొస్తె ఎలుగు తగ్గుతది, మల్ల మామూలైతది. మూడొద్దులకు మూడు గంటలు తక్కువ, గంతే, ఎన్నడు తప్పదు. పక్క చుక్కలతోని పోల్చి చూసి, ఎప్పుడు బాగ తగ్గిందో గంట నిమిషాలతోని రాయాలె. ఏండ్లకేండ్లు రాస్తె ఆ నిమిషాలు ఎటన్న జరుగుతున్నయా అని తెలుస్తదట. దానితోని ఆ రెండు చుక్కల మధ్యల ఏం నడుస్తున్నదో చెప్తరట. నాకు సగమే సమజైంది. జపాన్ల ఒకడు, జర్మనీల ఒకడు, గీ అడవి అంచున మీ తాత, అందరి లెక్కలు ఒక్క దగ్గర పోస్తరట. ఎవలన్న తీసి చూసుకోవచ్చట. 'అండ్ల నాదొక దోసెడు మంగన్నా' అనేటోడు. ఒకపారి ఆకాశంల పల్చటి మరకొకటి చూపి, 'అది ఒక్క చుక్క గాదు, కోట్ల చుక్కలు. దాని ఎలుగు బయలెల్లి ఇరవై లక్షల ఏండ్లు' అన్నడు. 'అయితే ఆడ ఇయ్యాల నైట్ షిఫ్టు ఎవనిదో' అన్న. నవ్వి నవ్వి దగ్గొచ్చింది ఆయనకు.

ఎనిమిదేండ్లు రాసిండు బిడ్డా. ఎనభై ఎనిమిదిల పద్మావతమ్మ కాడికెల్లి ఉత్తరమొచ్చింది. 'మీ లెక్కలు లోకంలోని లెక్కలన్నిటితోని కలిపి చూస్తున్నం. సాయంత్రం పూటవి బంగారంలెక్క ఉన్నయి. తెల్లారగట్లవి మాత్రం కొన్ని బాగనే ఉన్నయి, కొన్ని సరిగ్గ ఒక రోజు వెనకున్నయి. ఎందుకో తెలిస్తె చెప్పండి. తెల్వకపోతె అన్నీ పక్కన పెట్టాల్సి వస్తది' అని. మీ తాత మూడొద్దులు అన్నం సరిగ్గ తినలే. 'నా కన్ను తప్పిందా మంగన్నా' అనుకుంట తిరిగిండు. ఆయన్ని అట్ల చూస్తె నాకు పానం ఒప్పలే.

కన్ను తప్పలే. తారీఖు తప్పింది. దాన్ని నేనే పట్టిన. మా బాయి మీద రాత్రి పదకొండుకు డ్యూటీ ఎక్కినోడు తెల్లారి ఏడింటికి దిగినా మస్టర్ల ఎక్కిన తారీఖే పడేది. ఐదో తారీఖు నైట్ షిఫ్టంటె తెల్లారేదాక ఐదే. ఇరవై ఏండ్లు అట్లనే బతికినోళ్లం. దీపాలిచ్చినంక ల్యాంప్ రూంల పనేముంటది? మీ తాత వెనక చీకట్ల నిలబడి చూసి, రెండు గంటలకు చూసినా ఐదే అని రాసిండు. ఇంట్ల ఉండి చూసిన రాత్రుల్ల మాత్రం గోడ మీది క్యాలెండరు చూసి ఆరు అని రాసిండు. లోకమంత పన్నెండు కొట్టంగనే తారీఖు మారుస్తది, మేము తెల్లారినంక మారుస్తం.

ఇగ నా మస్టర్లు పనికొచ్చినయి. ఏ రాత్రి ఆయన డ్యూటీల ఉన్నడో అండ్ల ఉంటది గద. పాత బుక్కులన్ని దుమ్ము దులిపి తెచ్చి, ఆదివారాలు మీ ఇంట్లనే కూసున్నం. డ్యూటీ ఉన్నదా, ఒక రోజు కలుపు. లేదా, ఉన్నట్టే ఉంచు. పద్మావతమ్మ ఒక్కటే షరతు పెట్టింది. చుక్కను చూసి తారీఖు దిద్దొద్దు, దానికి సాక్ష్యం వేరే ఉండాలె, లేకుంటె కొట్టెయ్యాలె. మీ తాతది సుత అదే మాట. 'ఎట్లుండాలెనో అట్ల దిద్దుకుంటె ఇగ చూసుడెందుకు మంగన్నా?'

అయితే చిక్కొకటున్నది. సమ్మయ్య ఎవడడిగినా కాదనడు. తన సెలవునాడు ఎవని బదులో పోయి డ్యూటీల నిలబడేటోడు, హాజరు మాత్రం వానిదే పడేది. అసుంటి రాత్రులు మస్టర్ల దొరకవు, ఆయనకు యాదికి లెవ్వు. గట్ల పదకొండు రాత్రులు అనుమానంల పడ్డయి. ఎర్ర పెన్సిల్ తీసి పది కొట్టేసిండు. పదకొండోది గిదే. ఎనభై మూడు నవంబర్ ఐదు, రెండు గంటల ముప్పై ఎనిమిది నిమిషాలు. చుక్క తగ్గుడు మొదలైన కాడికెల్లి మల్ల పెరిగిందాక ఏ మబ్బు అడ్డం రాకుంట పూర్తిగ చూసింది ఎనిమిదేండ్లల్ల గీ ఒక్క రాత్రే. పెన్సిల్ పట్టుకొని నా మొఖం చూసిండు. 'నీకేమన్న యాదికున్నదా మంగన్నా? ఆ రాత్రి నేను డ్యూటీల ఉన్ననా, ఇంట్ల ఉన్ననా?' 'ఎప్పటి మాట, నాకేం యాదికుంటది సమ్మయ్యా' అన్న. కొట్టేసిండు. నువ్వడిగిన ఎర్రగీత గదే.

మిగిలినయన్ని తీసుకున్నరు. ఆయన పేరు అచ్చేసిన కాయితం వచ్చింది. సవతి సవతి అన్న సోమమ్మనే వాడకట్టంత బెల్లం పంచింది. మీ తాత చిన్నపిలగానిలెక్క సంబురపడ్డడు. ఇంకో ఐదేండ్లు బతికిండు. ఆ రాత్రి మాట మల్ల ఎన్నడు ఎత్తలే.

నాకు యాదికున్నది బిడ్డా.

అప్పుడూ ఉన్నది, ఇప్పుడూ ఉన్నది. ముందటి రోజే దీపావళి. నా బామ్మర్ది జంపయ్యది సుత ల్యాంప్ రూంల పనే. అప్పుడు కొత్తల్లుడు, మొదటి పండుగకని ఏన్కూరు అత్తగారింటికి పోయి రాలే. 'సమ్మయ్యా, ఇయ్యాల వాని బదులు నిలబడు' అని మీ గడప కాడికొచ్చి అడిగింది నేనే. జంపయ్య వచ్చినట్టు హాజరేసింది గీ చెయ్యే. సమ్మయ్య మరిచిపోయిండు, చేసిన సాయం యాదికి పెట్టుకునే మనిషి కాదాయన. చెప్తె పద్మావతమ్మకు ఉత్తరంల ఉన్నదున్నట్టు రాస్తడు, నాకు తెలుసు. మేము లెక్కలు దిద్దిన ఏడే ఇంకో బాయి మీద దొంగ హాజరేసిన గుమాస్తను ఇంటికి పంపిండ్రు. నాకింక రెండేండ్ల నౌకరి ఉండె. అప్పటికి జంపయ్యకు ముగ్గురు పిల్లలు. అందుకే, అంత నమ్మకంతోని నా మొఖం చూస్తుంటె అబద్ధం చెప్పిన. ఇప్పటికీ తలుచుకుంటె సిగ్గుతోని తల ఎత్తబుద్ధి కాదు.

ఆ లెక్కలన్ని ఇప్పుడు కంప్యూటర్ల ఎవలన్న చూసుకోవచ్చని నువ్వే అంటివి గద. అయితే ఆడ ఎవలో ఒకలు ఉంటరు. రాయి వాళ్లకు. ఆ రాత్రి సమ్మయ్య డ్యూటీల ఉన్నడు, తారీఖు ఐదు కాదు, ఆరు. సాక్షి మస్టర్ గుమాస్త మంగయ్య. హాజరు తప్పేసింది సుత ఆయనే అని రాయి, అది ఇడవకు. ఇప్పుడే రాయి, నా ముందట. పెన్ను లేదా? ఆ అల్మారిల ఉంటది చూడు... అది కాదు బిడ్డా, ఎర్రది వద్దు.