ఎద్దును ఆటకు పంపిన జెనొవేవా గారు

1989 మార్చి ఆరవ తేదీన సావ్ లూయిస్ నగరంలోని మా జానపద కళామందిరంలో సహాయకురాలిగా అడుగుపెట్టిన శ్రీమతి జెనొవేవా ఫ్రజావ్ గారు, ముప్పై ఆరేళ్ల నిరుపమాన సేవానంతరం ఈ నెలాఖరున పదవీ విరమణ చేయుచున్నారు.

తొలినాళ్లలో ముసుగుల దుమ్ము దులిపిన వారే, అనతికాలంలో సందర్శకులకు మన బ్రెజిల్ కళలను పరిచయం చేసే బాధ్యత స్వీకరించారు. ఉపన్యాసం వారికి గిట్టదు. వచ్చినవారి చేతిలో డప్పు పెట్టి, "ముందు వాయించండి, దీని పేరు తర్వాత చెప్తా" అనేవారు. 1997లో సేకరణల సంరక్షకులయ్యారు.

2004లో వారికొక కఠిన పరీక్ష ఎదురైంది. జాలరి వాడలో ఏటా ఎద్దు బొమ్మతో వీధి ఆట ఆడించే పెద్దాయన జబ్బుపడి, ఆ బొమ్మకు కప్పే పూసలు కుట్టిన మఖమల్ తొడుగును మా మందిరంలో దాచి, ఏప్రిల్‌లో కన్నుమూశారు. ఆ ఆట ఆడే జూన్ నెల పునీత జాన్ పండుగ ముందు ఆయన భార్య ఫిలొమేనా వచ్చారు.

"ఎద్దు లేందే ఆటెట్లా? ఆయన పోయిన ఏడాదే ఆట ఆగితే వాడలో తలెత్తుకోగలనా?"

"అదిప్పుడు మందిరం సొత్తు. వానకు తడిస్తే ఎవరిది పూచీ?" అన్నారు అప్పటి సంచాలకులు.

"నాది సార్," అన్నారు జెనొవేవా గారు. "ఆటలో ఈ ఎద్దు ఏటా చచ్చి లేస్తుంది. అద్దాల పెట్టెలో పెడితే ఇక లేవదు."

సంచాలకులు ససేమిరా అన్నా, జెనొవేవా గారు తొడుగును తామే తీసుకెళ్లి ఇచ్చారు. ఆట మధ్యలో కుండపోత వాన. పూసలు రాలి, అంచులు బురదై తిరిగొచ్చిన తొడుగును మర్నాడు తామే సంచాలకుల ముందు పరిచారు. ఫలితంగా రెండేళ్లు టికెట్ల కిటికీ దగ్గర కూర్చోవలసి వచ్చింది. అక్కడే, ఫిలొమేనాతో కలిసి, రాలిన పూసలన్నీ తిరిగి కుట్టారు.

"బాధనిపించలేదా అక్కా?" అని ఒకనాడు అడిగాను.

"ఎందుకనిపించదే? రోజూ ఏడ్చుకుంటూ ఇంటికి పోయేదాన్ని. అయినా ఆ వానలో ఫిలొమేనా నవ్విన నవ్వు నువ్వు చూళ్లేదు."

తదుపరి సంచాలకులు వారిని పూర్వపదవిలో నిలిపి, ఆట బృందాలు మందిరంలో దాచుకున్న ప్రతి వస్తువూ జూన్‌లో ఆటకు వెళ్లవలసిందేనని నియమం చేశారు. నేటికీ అదే అమలులో ఉన్నది.

"ఇకనైనా ఇంటిపట్టున ఉంటావా అమ్మా?" అని కుమార్తె లూసినెయ్ అడిగితే, "జూన్ తప్ప" అన్నారట. తక్కిన పదకొండు నెలలూ భర్త అదల్బెర్తు గారి సాన్నిధ్యంలో విశ్రాంతిని, జూన్ నెలంతా అలుపెరుగని మోకాళ్లను, నిండు నూరేళ్ల ఆయురారోగ్యాలను వారికి ప్రసాదించవలసిందిగా పునీత జాన్‌ను ప్రార్థిస్తున్నాము.

— ఒదెచి సెహా, ప్రదర్శనల విభాగం